నెబ్యులాలు, గెలాక్సీలు: ఏ కాంతిలో చూస్తే ఏం కనిపిస్తుంది?

1995లో హబుల్ అంతరిక్ష టెలిస్కోపు తీసిన ‘సృష్టి స్తంభాలు’ చిత్రం చూడనివాళ్లు తక్కువ. మనకు సుమారు 6,500 కాంతి సంవత్సరాల దూరంలో, సర్పమండలం దిక్కున ఉన్న ఈగల్ నెబ్యులాలో (నెబ్యులా అంటే వాయువు, ధూళి కలిసిన మేఘం) మట్టిరంగు స్తంభాలు మూడు నిలబడి ఉంటాయి. వాటి వెనక నీలం, ఆకుపచ్చ కలిసిన వెలుగు. పోస్టర్ల మీద, పుస్తకాల అట్టల మీద లెక్కలేనన్నిసార్లు అచ్చయిన బొమ్మ అది. అయితే అసలు చిత్రంలో కుడివైపు పై మూల ఉండదు. అక్కడ మెట్లు మెట్లుగా నల్లటి ఖాళీ ఉంటుంది. అచ్చువేసేవాళ్లు చాలాసార్లు ఆ భాగాన్ని కత్తిరించేస్తారు కాబట్టి అది మన కంటపడదు.

ఆ ఖాళీకి కారణం కెమెరా. అప్పట్లో హబుల్‌లో ఉన్న కెమెరాలో నాలుగు చిప్‌లు పక్కపక్కన ఉండేవి. మూడు చిప్‌లు ఆకాశంలో పెద్ద పెద్ద భాగాలను చూసేవి. నాలుగోదానికీ అన్నే పిక్సెళ్లు, కానీ అది చిన్న భాగాన్ని మరింత వివరంగా చూసేది. నాలుగింటినీ ఒకే కొలతకు తెచ్చి అతికిస్తే నాలుగోది చిన్నదైపోయి చుట్టూ ఖాళీ మిగిలేది. పక్కనున్న రంగులనే అక్కడ కాస్త పూసేసినా ఎవరికీ తెలిసేది కాదు. చిత్రాన్ని తయారుచేసిన జెఫ్ హెస్టర్, పాల్ స్కోవెన్ ఆ పని చేయలేదు. అక్కడ కొలత లేదు, కాబట్టి బొమ్మా లేదు.

ఈ చిత్రాలను ఎలా చూడాలో తెలియాలంటే ముందుగా పట్టుకోవాల్సిన సంగతి ఇదే. ఇవి కొలతలతో గీసిన పటాలు. ఆకాశంలో ఫలానా చోటి నుంచి, ఫలానా తరంగదైర్ఘ్యంలో, ఇంతసేపట్లో ఇంత కాంతి వచ్చిందన్న లెక్క ప్రతి పిక్సెల్ వెనకా ఉంటుంది. రంగులు తర్వాత వస్తాయి. అందుకే ఏ చిత్రం ఎదురైనా మొదట అడగాల్సిన ప్రశ్న, దీన్ని ఏ కాంతిలో తీశారు అని. ఆ సంగతి తెలిసినప్పుడు అదే బొమ్మలో నెబ్యులాలోని వాయువు ఏ స్థితిలో ఉందో, గెలాక్సీలో నక్షత్రాలు ఎక్కడ పుడుతున్నాయో, ఆ కాంతి ఎంతకాలం కిందట బయల్దేరిందో కూడా కనిపిస్తాయి.

రంగులు అబద్ధమా?

“అవన్నీ కంప్యూటర్లో వేసిన రంగులేనట, నిజంగా అలా ఉండదట” అన్న మాట తరచూ వినిపిస్తుంది. అందులో మొదటి సగం నిజం. రెండో సగం దగ్గరే కాస్త ఆగాలి.

టెలిస్కోపు కెమెరాకు రంగు తెలియదు. ఎంత కాంతి పడిందన్నది మాత్రమే నమోదు చేస్తుంది. ముందు ఒక ఫిల్టర్ పెట్టి ఒక నలుపు తెలుపు చిత్రం, ఫిల్టర్ మార్చి ఇంకొకటి, మళ్లీ ఇంకొకటి తీస్తారు. స్తంభాల చిత్రానికి మూడు ఫిల్టర్లు వాడారు. ఒకటి హైడ్రోజన్ వెలువరించే 656 నానోమీటర్ల కాంతిని, రెండోది గంధకం వెలువరించే 673 నానోమీటర్ల కాంతిని, మూడోది ఆక్సిజన్ వెలువరించే 501 నానోమీటర్ల కాంతిని మాత్రమే లోపలికి రానిస్తాయి. మొదటి రెండూ మన కంటికి ఎరుపే. ఉన్నది ఉన్నట్టు చూపిస్తే ఆ రెండు మూలకాలూ ఒకే ఎరుపులో కలిసిపోయి, ఏది ఎక్కడుందో తెలియకుండా పోతుంది. అందుకని గంధకానికి ఎరుపు, హైడ్రోజన్‌కు ఆకుపచ్చ, ఆక్సిజన్‌కు నీలం ఇచ్చారు. పొడవు తరంగానికి ఎరుపు, పొట్టి తరంగానికి నీలం అన్న వరుసను మాత్రం తప్పలేదు.

ఇలా విడదీయడం వల్ల ఒరిగేదేమిటి? ఒక పరమాణువు నుంచి ఎలక్ట్రాన్‌ను ఊడగొట్టడానికి కావలసిన శక్తి ఒక్కో మూలకానికి ఒక్కో రకంగా ఉంటుంది. గంధకానికి 10.4 ఎలక్ట్రాన్ వోల్టులు చాలు. హైడ్రోజన్‌కు 13.6 కావాలి. ఆక్సిజన్ రెండో ఎలక్ట్రాన్‌ను వదులుకోవాలంటే 35 దాకా కావాలి. అంటే చిత్రంలో నీలం కనిపించిన ప్రతిచోటా చాలా తీవ్రమైన అతినీలలోహిత కాంతి పడుతోందన్నమాట. హైడ్రోజన్‌ను కదిలించలేని బలహీనమైన కాంతి కూడా గంధకాన్ని మెరిపించగలదు, కాబట్టి స్తంభాల అంచుల వెంబడి, చిక్కటి వాయువు మొదలయ్యే చోట ఎరుపు బలంగా ఉంటుంది. దగ్గర్లోని భారీ నక్షత్రాల కాంతి స్తంభాల పైపొరను కొద్దికొద్దిగా ఆవిరి చేస్తోందని ఈ రంగుల వరుసే చెప్పింది. రంగులు వేసినవే కావచ్చు, అవి చెప్పేది మాత్రం నూటికి నూరుపాళ్లూ నిజం.

ఆ 501 నానోమీటర్ల ఆక్సిజన్ గీతకు ఒక మంచి చరిత్ర ఉంది. 1864లో విలియం హగ్గిన్స్ క్యాట్స్ ఐ నెబ్యులా కాంతిని వర్ణపటంగా విడదీసి చూసినప్పుడు ఇంద్రధనుస్సు రంగులకు బదులు కొన్ని సన్నటి గీతలు కనిపించాయి. అది నక్షత్రాల గుంపు కాదు, మెరుస్తున్న వాయువు అని అక్కడికక్కడే తేలిపోయింది. కానీ వాటిలోని ఆకుపచ్చ గీత భూమ్మీద తెలిసిన ఏ మూలకానికీ సరిపోలేదు. ఏదో కొత్త మూలకం అనుకుని దానికి ‘నెబ్యులియం’ అని పేరు కూడా పెట్టారు. చిక్కుముడి విప్పింది 1927లో ఐరా బోవెన్. అది రెండు ఎలక్ట్రాన్లు పోగొట్టుకున్న మామూలు ఆక్సిజనే. ప్రయోగశాలలో పరమాణువులు ఒకదాన్నొకటి ఢీకొంటూ ఉంటాయి కాబట్టి ఆ కాంతిని విడుదల చేసే తీరిక దానికి దొరకదు. నెబ్యులాలోని వాయువు మనం భూమ్మీద సృష్టించగల మంచి శూన్యం కన్నా పలచగా ఉంటుంది, అందుకే అక్కడ ఆ గీత వెలుగుతుంది. చిత్రంలో మేఘంలా దట్టంగా కనిపించేది నిజానికి దాదాపు ఏమీ లేని చోటు. కాంతి సంవత్సరాల మందం ఉంది కాబట్టే అంత కాంతి పోగవుతోంది.

ఇక కంటితో చూస్తే ఎలా ఉంటుందన్న ప్రశ్న. సమాధానం చాలామందికి నిరాశ కలిగిస్తుంది. ఒరాయన్ నెబ్యులాను ఓ మాదిరి టెలిస్కోపులో చూస్తే బూడిదరంగులో, మహా అయితే కాస్త ఆకుపచ్చగా ఒక పొగలా కనిపిస్తుంది. మసక వెలుతురులో పనిచేసే మన కంటి కణాలు రంగును గుర్తించలేవు. పోనీ ఓడ ఎక్కి దగ్గరికి వెళ్తే? అప్పుడూ అంతే. దగ్గరికి వెళ్లేకొద్దీ నెబ్యులా పెద్దదవుతుంది, కాంతి కూడా ఎక్కువగా అందుతుంది, కానీ ఆ కాంతి అంతే ఎక్కువ వైశాల్యం మీద పరుచుకుంటుంది. ఒక్కో భాగం ప్రకాశం పెరగదు. కాబట్టి ‘నిజంగా ఎలా ఉంటుంది’ అంటే మన కంటికి ఎలా ఉంటుందని అర్థం చెప్పుకుంటే, నెబ్యులాల విషయంలో ఆ కొలమానం పనికిరాదు. గంటల తరబడి కాంతిని పోగుచేయడం కంటికి చేతకాదు, కెమెరాకు వచ్చు.

ఈ నలుపు తెలుపు ఫైళ్లు ఎవరైనా తెచ్చుకోవచ్చు. హబుల్, దాని తర్వాత వచ్చిన జేమ్స్ వెబ్ టెలిస్కోపుల పరిశీలనలను కోరిన శాస్త్రవేత్తలకు కొంతకాలం, సాధారణంగా ఏడాది మించకుండా, ప్రత్యేక హక్కు ఉంటుంది. ఆ తర్వాత అవి బహిరంగ ఆర్కైవ్‌లోకి వస్తాయి. ఒక ఫైలు తెరిస్తే మొదట తెరంతా దాదాపు నల్లగా ఉంటుంది, నాలుగైదు నక్షత్రాలు మాత్రం చుక్కల్లా కనిపిస్తాయి. వాటికీ నెబ్యులా వాయువుకూ ప్రకాశంలో వేల రెట్ల తేడా ఉంటుంది, తెర అంత తేడాను చూపించలేదు. మసక భాగాలను లెక్క ప్రకారం పైకి లాగితేనే నెబ్యులా బయటపడుతుంది. విశ్వం నుంచి దూసుకొచ్చే ఆవేశిత కణాలు చిప్‌కు తగిలిన చోట తెల్లటి గీతలు కూడా ఉంటాయి. ఒకే చోటును కొన్నిసార్లు తీసి పోల్చి వాటిని తొలగిస్తారు. పోస్టరు మీదికి ఎక్కే బొమ్మ వెనక ఇంత పని ఉంది, ఈ పనంతా బహిరంగంగానే జరుగుతుంది.

పైకి ఎందుకు వెళ్లాలి

వాతావరణం రెండు రకాలుగా అడ్డం. గాలి పొరలు కదులుతూ నక్షత్రాన్ని మినుకుమినుకుమనిపిస్తాయి, సన్నటి వివరాలు చెరిగిపోతాయి. అంతకన్నా పెద్ద సమస్య, అతినీలలోహిత కాంతిలో చాలా భాగాన్నీ, ఎక్స్ కిరణాలనూ, పరారుణ కాంతిలో పెద్ద ముక్కనూ గాలి నేల దాకా రానివ్వదు. ఖగోళ శాస్త్రవేత్త లైమన్ స్పిట్జర్ 1946లోనే, అంటే ఒక్క కృత్రిమ ఉపగ్రహం కూడా లేని రోజుల్లోనే, అంతరిక్షంలో టెలిస్కోపు పెడితే ఏమేం సాధించవచ్చో రాశారు. 1990 ఏప్రిల్‌లో 2.4 మీటర్ల అద్దంతో హబుల్ వెళ్లింది. అద్దం అంచు ఉండాల్సిన దానికన్నా 2.2 మైక్రాన్లు (మైక్రాన్ అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు) ఎక్కువ చదునుగా అరగడంతో మొదటి చిత్రాలు మసకగా వచ్చాయి. 1993 డిసెంబరులో వ్యోమగాములు వెళ్లి, ఆ తప్పును సరిచేసే పరికరాలు అమర్చి వచ్చారు. స్తంభాల చిత్రం ఆ మరమ్మతు ఫలితమే.

ధూళికి ఇవతల, అవతల

సూర్యాస్తమయం ఎర్రగా ఉండటానికీ, జేమ్స్ వెబ్ టెలిస్కోపు అవసరం కావడానికీ మూలం ఒకటే. సన్నటి రేణువులు పొట్టి తరంగాలను ఎక్కువగా చెదరగొడతాయి, పొడవు తరంగాలు తప్పించుకుని వెళ్లిపోతాయి. నెబ్యులాల్లోని ధూళి రేణువులు చాలావరకు ఒక మైక్రాన్ కన్నా చిన్నవి. నక్షత్రాలు పుట్టేది సరిగ్గా ఆ ధూళి దట్టంగా ఉన్న చోటే. అంటే కంటికి కనిపించే కాంతిలో ఎంత పదునైన చిత్రం తీసినా పురిటిగది తలుపు మూసే ఉంటుంది.

2021 డిసెంబరు 25న ఫ్రెంచ్ గయానాలోని కౌరూ నుంచి బయల్దేరిన వెబ్, భూమికి సుమారు 15 లక్షల కిలోమీటర్ల దూరాన ఉండి పనిచేస్తుంది. బంగారు పూత పూసిన 18 బెరీలియం పలకలు కలిసి 6.5 మీటర్ల అద్దమవుతాయి. అంత దూరం ఎందుకంటే వేడి వల్ల. వెచ్చగా ఉన్న ప్రతి వస్తువూ పరారుణ కాంతిని వెలువరిస్తుంది, టెలిస్కోపు తానే వెచ్చగా ఉంటే తన కాంతే తనకు అడ్డొస్తుంది. అయిదు పొరల తెర సూర్యుడి వేడిని ఆపుతుంది. మధ్య పరారుణ కాంతిని చూసే ‘మిరి’ పరికరాన్ని ప్రత్యేక శీతలీకరణ యంత్రంతో 7 కెల్విన్ల కన్నా కిందికి చల్లబరుస్తారు.

వెబ్ అవే స్తంభాలను రెండు పరికరాలతో తీసిన చిత్రాలు 2022 అక్టోబరులో విడుదలయ్యాయి. ఆ రెండు చిత్రాలనూ పక్కపక్కన పెట్టి చూడటం కన్నా మంచి పాఠం లేదు. సమీప పరారుణంలో స్తంభాలు సగం పారదర్శకమైపోయాయి, వాటి వెనకా లోపలా దాగిన వేలాది నక్షత్రాలు బయటపడ్డాయి. స్తంభాల కొసల దగ్గర ఎర్రటి మరకలు కనిపించాయి. ఇంకా రూపుదిద్దుకుంటున్న పసి నక్షత్రాలు ఎగజిమ్మే వాయుధారలు చుట్టూ ఉన్న వాయువును గుద్దుకున్న చోట్లవి. మధ్య పరారుణానికి వెళ్లేసరికి అంతా తలకిందులైంది. నక్షత్రాలు దాదాపు మాయమయ్యాయి, ధూళి తానే వెలగసాగింది. నక్షత్రాలు చాలా వేడివి కాబట్టి ఈ తరంగాల్లో మసకబారతాయి, చల్లటి ధూళి ఈ తరంగాల్లోనే ఎక్కువగా ప్రకాశిస్తుంది. వస్తువు ఒకటే, నెల ఒకటే, టెలిస్కోపు ఒకటే. మారింది తరంగదైర్ఘ్యం.

చిత్రం మళ్లీ తీయడంలో ఇంకో లాభం కూడా ఉంది. హబుల్ 2014లో కొత్త కెమెరాతో ఆ స్తంభాలను మళ్లీ తీసింది. 1995 నాటి దానితో పోలిస్తే ఒక పసి నక్షత్రం వాయుధార మరో 10 వేల కోట్ల కిలోమీటర్ల మేర ముందుకు సాగింది. నిశ్చలంగా, శాశ్వతంగా ఉన్నట్టనిపించే ఆ దృశ్యంలో 19 ఏళ్లలో కొలవగలిగినంత కదలిక ఉంది.

నక్షత్రాల చావులోనూ ఇదే సూత్రం. సుమారు 2,500 కాంతి సంవత్సరాల దూరంలోని సదరన్ రింగ్ నెబ్యులా మధ్యలో రెండు నక్షత్రాలున్నాయి. కంటికి కనిపించే కాంతిలో ఒకటి బాగా వెలుగుతుంది, రెండోది దాని పక్కన చిన్న చుక్క. వలయాలన్నీ వదిలింది ఆ చిన్న చుక్కే. 2022 జూలైలో వెబ్ మధ్య పరారుణ చిత్రం వచ్చాక ఆ చావబోయే నక్షత్రం చుట్టూ ధూళి కప్పుకుని ఉందని తెలిసింది. అంతకుముందు ఎవరూ అనుకోని విషయం అది.

పీత నెబ్యులాదైతే ఇంకా ఆసక్తికరమైన కథ. 1054లో చైనా ఖగోళ పరిశీలకులు పట్టపగలు కూడా కనిపించిన ‘అతిథి తార’ను నమోదు చేశారు. అది సూపర్‌నోవా, అంటే ఒక భారీ నక్షత్రం పేలుడు. ఆ పేలుడు శిథిలాలు ఇప్పటికీ సెకనుకు 1,500 కిలోమీటర్ల వేగంతో విస్తరిస్తున్నాయి. హబుల్ చిత్రంలో అది పోగులు పోగులుగా విడిపోయిన వాయువు. సుబ్రహ్మణ్యన్ చంద్రశేఖర్ పేరు పెట్టిన చంద్రా ఎక్స్‌రే అబ్జర్వేటరీ 1999లో చూసినప్పుడు ఆ పోగులు లేవు. మధ్యలో వలయాలు, వాటికి నిలువుగా రెండు వైపులా ఎగజిమ్మే ధారలు కనిపించాయి. పేలుడు తర్వాత మిగిలిన, సెకనుకు 30 సార్లు తిరిగే న్యూట్రాన్ తార నెబ్యులా మొత్తానికీ శక్తిని అందిస్తోంది, ఆ శక్తి ఎలా బయటికి వస్తోందో ఎక్స్ కిరణాల్లోనే అంత స్పష్టంగా కనిపించింది. ఈ రెండు చిత్రాల్లో ఏది అసలైన పీత నెబ్యులా అని అడగడంలో అర్థం లేదు. రెండూ అసలైనవే.

నెబ్యులా అనుకున్నవి గెలాక్సీలైన రోజు

వందేళ్ల కిందటి దాకా ఆండ్రోమెడా కూడా నెబ్యులాల జాబితాలోనే ఉండేది. 1920 ఏప్రిల్‌లో హార్లో షాప్లీ, హీబర్ కర్టిస్ ఒకే వేదిక మీద దీని గురించి తలపడ్డారు. ఆండ్రోమెడా లాంటి ఈ సర్పిలాకార నెబ్యులాలు పాలపుంతలో భాగమా, దానికి ఆవల ఉన్న మరో పాలపుంతలా? వాదనలతో తేలలేదు. తేల్చింది ఒక్క నక్షత్రం. 1923 అక్టోబరులో మౌంట్ విల్సన్ మీది 100 అంగుళాల టెలిస్కోపుతో తీసిన ఒక గాజుపలక మీద, ఆండ్రోమెడాలో ప్రకాశం మారే నక్షత్రాన్ని ఎడ్విన్ హబుల్ గుర్తించారు. అది సెఫీడ్ రకం. అలాంటి నక్షత్రం ప్రకాశం ఎన్ని రోజులకోసారి హెచ్చుతగ్గులవుతుందో తెలిస్తే దాని అసలు ప్రకాశం ఎంతో చెప్పవచ్చని హెన్రియెట్టా లీవిట్ 1912 నాటికే చూపించారు. అసలు ప్రకాశం తెలిస్తే దూరం తెలిసినట్టే. హబుల్ లెక్కకు సుమారు 9 లక్షల కాంతి సంవత్సరాలు వచ్చింది. సెఫీడ్లలో రెండు రకాలున్నాయని తర్వాత తెలిశాక ఆ అంకె సవరణకు గురై నేటి 25 లక్షలకు చేరింది. ఏ లెక్కన చూసినా అది పాలపుంతకు చాలా ఆవల.

ఆయన పేరు పెట్టుకున్న టెలిస్కోపు 2010-11లో ఆ నక్షత్రాన్నే వెతికి మరీ చూసింది. ఆండ్రోమెడా మీద అది పదేళ్లకు పైగా చేసిన పరిశీలనలను కూర్చి 2025లో విడుదల చేసిన చిత్రంలో 20 కోట్ల నక్షత్రాలు విడివిడిగా లెక్కకు వచ్చాయి. సెఫీడ్ల పని ఇంకా అయిపోలేదు. వాటి ఆధారంగా విశ్వ విస్తరణ వేగం లెక్కిస్తే 73 దగ్గర వస్తోంది, విశ్వపు తొలి వెలుగు ఆధారంగా లెక్కిస్తే 67 దగ్గర వస్తోంది. రెండూ ఒకే ప్రమాణంలో, మెగాపార్సెక్‌కు (సుమారు 32.6 లక్షల కాంతి సంవత్సరాల దూరానికి) సెకనుకు ఇన్ని కిలోమీటర్లని. పక్కనున్న నక్షత్రాల కాంతి కలిసిపోయి హబుల్ టెలిస్కోపు కొలతలు తప్పాయేమోనన్న అనుమానంతో వెబ్‌తో మళ్లీ చూశారు. హబుల్ కొలతలు సరిగ్గానే ఉన్నాయి. తేడా అలాగే ఉండిపోయింది.

గెలాక్సీ చిత్రాన్ని కూడా తరంగాన్ని బట్టే చదవాలి. అతినీలలోహితంలో సర్పిల గెలాక్సీ అంటే చేతుల వెంట తెగిపోయిన హారంలా పసి నక్షత్రాల గుంపులే. కంటి కాంతిలో మధ్యన ముసలి నక్షత్రాల పసుపు, చేతుల్లో కొత్త నక్షత్రాల నీలం. మధ్య పరారుణంలో నక్షత్రాలు పోయి ధూళి అస్థిపంజరం మిగులుతుంది. 2024 జనవరిలో వెబ్ విడుదల చేసిన 19 సర్పిల గెలాక్సీల చిత్రాల్లో ఆ అస్థిపంజరం నిండా గుండ్రటి కన్నాలున్నాయి. భారీ నక్షత్రాల గాలులూ సూపర్‌నోవాల పేలుళ్లూ వాయువును నెట్టేయడంతో ఏర్పడిన బుడగలవి. ఒక తరం నక్షత్రాల చావు తర్వాతి తరం ఎక్కడ పుట్టాలో నిర్ణయించడం ఇంత స్పష్టంగా కనిపించడం నిజంగా అపురూపం.

పెద్ద అద్దమే గెలుస్తుందన్న నియమమూ లేదు. 2015లో వెళ్లిన ఇస్రో ఆస్ట్రోశాట్‌లోని అతినీలలోహిత టెలిస్కోపు అద్దం 37.5 సెంటీమీటర్లు మాత్రమే. 28 గంటలకు పైగా చూసి, 930 కోట్ల సంవత్సరాల కిందట ఒక గెలాక్సీ నుంచి బయల్దేరిన తీవ్ర అతినీలలోహిత కాంతిని అది పట్టుకుంది. ఆ తరంగాల్లో దాని డిటెక్టరులో నేపథ్య రొద హబుల్‌లో కన్నా చాలా తక్కువ. అదే కలిసొచ్చింది.

లోతుకు వెళ్లేకొద్దీ

1995 డిసెంబరులో హబుల్ సంస్థ డైరెక్టరు రాబర్ట్ విలియమ్స్ తన చేతిలో ఉన్న టెలిస్కోపు సమయాన్ని సప్తర్షి మండలం దగ్గర ఏమీ లేనట్టున్న చోటుకు కేటాయించారు. పది రోజులు, 342 ఫొటోలు. ఆకాశాన్ని 2 కోట్ల 40 లక్షల ముక్కలు చేస్తే అందులో ఒక ముక్కంత చోటు. అందులో సుమారు 3,000 గెలాక్సీలు బయటపడ్డాయి. 2004లో విడుదలైన మరింత లోతైన చిత్రంలో అవి 10,000 దాకా ఉన్నాయి. ఈ చిత్రాల్లో నాలుగు కోణాల గీతలతో మెరిసేవి మన పాలపుంతలోని నక్షత్రాలు, మిగిలినవన్నీ దాదాపు గెలాక్సీలే. ఆ గీతలు ఉపఅద్దాన్ని పట్టుకున్న నాలుగు కడ్డీల వల్ల వస్తాయి. వెబ్ చిత్రాల్లోనైతే షట్కోణపు పలకల వల్ల ఆరు పెద్ద గీతలు, కడ్డీల వల్ల రెండు చిన్న గీతలు. గీతలు లెక్కపెడితే బొమ్మ ఎవరిదో చెప్పేయవచ్చు.

అలాంటి చోట దూరమంటే కాలమే. అయితే బొమ్మ చూసి దూరం ఎలా చెబుతారు? చల్లటి హైడ్రోజన్ 121.6 నానోమీటర్ల కన్నా పొట్టి కాంతిని మింగేస్తుంది. తొలినాళ్ల విశ్వమంతా ఆ హైడ్రోజనే. కాబట్టి ఒక తొలి గెలాక్సీ ఆ హద్దుకు అటువైపు చీకటి, ఇటువైపు వెలుగు. విశ్వం విస్తరించేకొద్దీ దారిలో ఉన్న తరంగాలు కూడా సాగుతాయి. పదిహేను రెట్లు సాగితే ఆ హద్దు 1.8 మైక్రాన్ల దగ్గరికి చేరుతుంది. హబుల్ కెమెరా చూపు 1.7 మైక్రాన్ల దగ్గర ఆగిపోతుంది. అంటే అలాంటి గెలాక్సీ హబుల్‌కు అసలు లేనట్టే, ఎన్ని రోజులు చూసినా ఫలితం ఉండదు. వెబ్‌లో ఒక ఫిల్టరులో కనిపించకుండా తర్వాతి ఫిల్టరులో ప్రత్యక్షమైతే ఆ గెలాక్సీ ఎంత దూరానిదో అంచనా దొరికినట్టు.

అంచనా మాత్రమే అని నొక్కి చెప్పాలి. 2022లో ఒక ఎర్రటి చుక్క బిగ్ బ్యాంగ్ (విశ్వం ఆరంభం) తర్వాత 25 కోట్ల సంవత్సరాల లోపలిదై ఉండవచ్చని పెద్ద వార్త అయింది. తర్వాత వెబ్ దాని కాంతిని వర్ణపటంగా విడదీస్తే అది బిగ్ బ్యాంగ్ తర్వాత దాదాపు 120 కోట్ల సంవత్సరాల నాటిదని తేలింది. ధూళి ఎరుపు, హైడ్రోజన్, ఆక్సిజన్ల బలమైన గీతలు కలిసి ఆ ఫిల్టర్లలో దూరపు గెలాక్సీని అచ్చం అనుకరించాయి. ‘వెబ్ బిగ్ బ్యాంగ్‌ను తప్పని తేల్చింది’ అంటూ ఆ రోజుల్లో వచ్చిన వార్తలకు ఎలాంటి ఆధారమూ లేదు. వర్ణపటంతో రూఢి అయ్యాక కూడా మిగిలిన ఆశ్చర్యం ఒకటుంది. విశ్వం వయసు 28 కోట్ల నుంచి 30 కోట్ల ఏళ్ల మధ్య ఉన్నప్పుడే, అనుకున్న దానికన్నా ప్రకాశవంతమైన గెలాక్సీలు ఉన్నాయి. 2025లో ప్రకటించిన మామ్-జడ్14 వాటిలో ఒకటి. తొలి నక్షత్రాలు ఊహించిన దానికన్నా చురుగ్గా పుట్టాయా, ఆ వెలుగులో కొంత కృష్ణబిలాల చుట్టూ తిరిగే వాయువుదా అన్నదాని మీద చర్చ నడుస్తోంది. వెబ్ చిత్రాల్లో ఎక్కడబడితే అక్కడ కనిపిస్తున్న ‘చిన్న ఎర్ర చుక్కలు’ కూడా ఈ చర్చలో భాగమే.

వెబ్ ఒక చిన్న చోటును లోతుగా చూస్తే, 2023 జూలైలో వెళ్లిన ఐరోపా యూక్లిడ్ టెలిస్కోపు ఆకాశంలో మూడో వంతును చుట్టి రావడానికి వెళ్లింది. దాని గురి కంటికి కనిపించని కృష్ణ పదార్థం. పదార్థం బరువు కాంతి దారిని వంచుతుంది కాబట్టి వెనకున్న గెలాక్సీల ఆకారాలు ఎంత సాగాయో కొలిస్తే ముందున్న బరువు తెలుస్తుంది. సుమారు 59 కోట్ల కాంతి సంవత్సరాల దూరంలో ఎన్‌జీసీ 6505 అని ఒక గెలాక్సీ ఉంది. అది 1884 నుంచి ఖగోళ శాస్త్రవేత్తలకు తెలుసు. యూక్లిడ్ పరీక్షల దశలో, కావాలనే ఫోకస్ తప్పించి తీసిన చిత్రంలో, దాని మధ్యభాగం చుట్టూ ఒక వలయం జాడ కనిపించింది. తర్వాత సరైన ఫోకస్‌తో తీస్తే పూర్తి వలయం బయటపడింది. దాని వెనక 442 కోట్ల కాంతి సంవత్సరాల దూరంలో ఉన్న మరో గెలాక్సీ కాంతి గుండ్రంగా వంగి వచ్చిన ఐన్‌స్టీన్ వలయమది. ఆ వలయం లోపలి బరువును లెక్కిస్తే అందులో కృష్ణ పదార్థం 11 శాతం అని వచ్చింది. 2025 మార్చిలో విడుదల చేసిన తొలి విడత సమాచారం మొత్తం సర్వేలో అర శాతం కూడా లేదు. అందులోనే ఇలా కాంతిని వంచే గెలాక్సీలు 500 దాకా దొరికాయి. సర్వే పూర్తయ్యేసరికి లక్ష దొరుకుతాయని అంచనా.